కారిన్ ఫాల్క్, 1975 స్టాక్‌హోమ్ యూరోవిజన్: ఆ రాత్రి వేదిక మీద అసలు పని ఎంత?

తెరవెనుక:
కారిన్ ఫాల్క్ పేరు ఎక్కడ కనిపించినా కింద ఒకటే ముక్క ఉంటుంది. యూరోవిజన్ (దేశాల మధ్య ఏటా జరిగే పాటల పోటీ) ఓట్ల లెక్కింపు మధ్యలో ఏడుని ఫ్రెంచిలో ఏమంటారో తట్టక, ప్రసారం నడుస్తుండగానే పైకి అడిగేసిన ఆవిడ అని. అంతటితో ఆవిడ కథ అయిపోయినట్టు రాస్తున్నారు. నాకిది అన్యాయంగా అనిపిస్తోంది. 1932లో పుట్టిన ఆవిడ స్వీడిష్ టీవీలో నిర్మాత, దర్శకురాలు. అంటే కెమెరా ముందు నవ్వుతూ నిలబడటం ఆవిడ వృత్తి కాదు, కార్యక్రమాన్ని నడిపించడం వృత్తి. 1975 మార్చి 22, శనివారం రాత్రి స్టాక్‌హోమ్‌లోని ఎల్వ్‌షో ఎగ్జిబిషన్ హాల్లో ఆవిడ చేతిలో పెట్టిన పని అంతకుముందు ఏ వ్యాఖ్యాతా చేయనిది. అది ఎంత పనో లెక్కలతో సహా ఇక్కడ రాసిపెడదాం. తెలిసినవాళ్లు తలో చెయ్యి వేయండి.

బాల్టిక్_గాలి:
మంచి పని మొదలుపెట్టారు. ముందు కాలం సంగతి. స్వీడన్‌లో ప్రయోగాత్మక ప్రసారం 1954 అక్టోబర్ 29న స్టాక్‌హోమ్ సాంకేతిక విద్యాలయం నుంచి జరిగింది. అధికారిక ప్రసారాలు 1956 సెప్టెంబర్ 4న మొదలయ్యాయి. వార్తా కార్యక్రమం ‘అక్టుఎల్ట్’ 1958 సెప్టెంబర్ 2న వచ్చింది. రెండో ఛానల్ 1969 డిసెంబర్ 5న, రంగుల ప్రసారం అధికారికంగా 1970 ఏప్రిల్ 1న. కాబట్టి 1975 నాటికి ఆ దేశంలో టీవీ వయసు ఇరవై ఏళ్లు కూడా లేదు.

ఆ ఇరవై ఏళ్లలో ఆడవాళ్లు మూడు రకాల పనుల్లో కనిపిస్తారు. ఈ మూడూ కలిపేస్తే ఎవరేం చేశారో అర్థం కాదు. మొదటిది ‘హల్లోఆ’, అంటే రెండు కార్యక్రమాల మధ్య వచ్చి తర్వాత ఏముందో చెప్పే అనౌన్సర్. రెండోది ‘ప్రొగ్రామ్‌లేదారె’, కార్యక్రమాన్ని తెర మీద నడిపే మనిషి. గృహిణుల కోసం వచ్చిన ‘హెమ్మా’లో కనిపించిన రియా వేగ్నర్ ఈ కోవ. ఆవిడ 1914లో పుట్టారు. ఎనిమిది రోజుల్లో ఫలానా నగరం చూడండి అనే తరహా యాత్రా పుస్తకాలతో పేరు తెచ్చుకున్న ఎల్లెన్ రీదెలియుస్ కూతురు. మూడోది ‘ప్రొడ్యూసెంట్’. పేరు చివర్లో చిన్న అక్షరాల్లో పడుతుంది, బరువంతా వీళ్ల మీదే. ఫాల్క్ ఈ మూడో గది నుంచి వచ్చి 1975లో రెండో గదిలో నిలబడ్డారు.

మంజీర_తీరం:
గున్ హెగ్‌లుండ్ పేరు మరిచారండీ. 1958లో అక్టుఎల్ట్ వార్తలు చదివిన మొదటి మహిళ ఆవిడే. ప్రపంచంలోనే టీవీ వార్తలు చదివిన మొదటి మహిళ అని కూడా చదివాను, నిజమేనా?

బాల్టిక్_గాలి:
స్వీడన్‌లో మొదటి మహిళ, అది నిజం. ప్రపంచంలో మొదటి అనే మాట నిలవదు. బ్రిటన్‌లో ఐటీఎన్ అనే వార్తా సంస్థ తరఫున బార్బరా మాండెల్ 1955 సెప్టెంబర్‌లోనే వార్తలు చదివారు. అయితే బీబీసీ టీవీ జాతీయ వార్తల్లోకి నాన్ విన్టన్ వచ్చింది 1960లో. అంటే హెగ్‌లుండ్ బీబీసీ కంటే రెండేళ్లు ముందు. ఆ గౌరవం చాలు, లేనిది తగిలించక్కర్లేదు.

లెక్కల_పలక:
అసలు విషయానికి వస్తాను. ఇవాళ అందరికీ తెలిసిన ‘పన్నెండు పాయింట్లు’ పద్ధతి పుట్టింది ఆ రాత్రే. అంతకుముందు ఏముండేదో చూస్తేగానీ ఫాల్క్ మీద పడ్డ బరువు తెలియదు.

1971 నుంచి 1973 వరకు దేశానికి ఇద్దరేసి జ్యూరీ సభ్యులు. ఒకరు 25 ఏళ్ల లోపు, ఇంకొకరు పైబడినవారు. ఒక్కొక్కరు ప్రతి పాటకీ 1 నుంచి 5 వరకు ఇచ్చేవారు. కాబట్టి ఒక దేశం నుంచి ఒక పాటకు కనిష్ఠం 2, గరిష్ఠం 10. 1974లో మళ్లీ పాత పద్ధతికి వెళ్లారు. దేశానికి పదిమంది, మనిషికి ఒకే ఓటు. ఆ ఏడు 17 దేశాలు, మొత్తం 170 ఓట్లు. స్వీడన్‌కి చెందిన అబ్బా బృందం గెలిచింది 24 ఓట్లతో. అంకెలు అంత చిన్నవి. ఈ పది ఓట్ల పద్ధతికి ఉన్న రోగం 1969లోనే బయటపడింది: స్పెయిన్, బ్రిటన్, నెదర్లాండ్స్, ఫ్రాన్స్ నాలుగూ 18 దగ్గర ఆగాయి, నలుగురినీ విజేతలుగా ప్రకటించాల్సి వచ్చింది.

1975 పద్ధతి ఇలా నడిచింది. ప్రతి దేశంలో 11 మంది జ్యూరీ. పాట అయిన వెంటనే ఒక్కొక్కరు 1 నుంచి 5 లోపు మార్కు వేస్తారు. కార్యదర్శి ఆ మార్కులు కూడతాడు. అంటే ఒక పాటకు ఒక జ్యూరీ గదిలో 11 నుంచి 55 దాకా రావచ్చు. సొంత దేశపు పాటకు మార్కులుండవు కాబట్టి 18 పాటలకు ఈ కూడిక. అందులో పై పదింటిని వరసలో పెట్టి 12, 10, 8, 7, 6, 5, 4, 3, 2, 1 ఇస్తారు. తొమ్మిది, పదకొండు లేవు. పై రెండు స్థానాలకి కాస్త ఎక్కువ ఎడం ఉండేలా అలా పెట్టారు.

ఈ పది అంకెలు కలిపితే 58. 19 దేశాలు కాబట్టి 58 × 19 = 1102. ఒక్కో జ్యూరీ నుంచి పది ప్రకటనలు, మొత్తం 190. ప్రతి ప్రకటనలో రెండు ముక్కలు: దేశం పేరు, అంకె. ఈ 380 ముక్కలు ఫోన్ లైన్లో విని, సరిచూసుకుని, మళ్లీ పలకాలి. అది నేరుగా వెళ్తున్న ప్రసారం.

పాటలపెట్టె:
తర్వాతి ఏళ్ల యూరోవిజన్ చూసినవాళ్లకి ఇందులో కష్టమేంటో తట్టకపోవచ్చు. 1, 2, 3 అని వరసగా వస్తాయి, చివర 12 కదా అనుకుంటారు. అక్కడే పొరపాటు. ఆ ఆరోహణ క్రమం 1980లో హేగ్‌లో వచ్చింది. 1975 నుంచి 1979 వరకు పాటలు పాడిన వరసలో చెప్పేవారు. అంటే మొదటి పాటకు 3, రెండో పాటకు 12, నాలుగో పాటకు 7, తొమ్మిదో పాటకు 1, ఇలా అంకెలు గెంతుతూ వస్తాయి (ఇది ఊరికే ఉదాహరణ). తర్వాత రాబోయేది ఏ అంకో వ్యాఖ్యాతకి ముందుగా తెలిసే వీలే లేదు.

ఆరోహణ క్రమంలో అయితే అంకె ముందే తెలుసు, దేశం పేరు ఒక్కటి వింటే చాలు. ఫాల్క్‌కి రెండూ తెలియవు. దేశాల వరసైనా కొంత ఊతమా అంటే, పది దేశాలకే పాయింట్లు, మిగతావాటిని దాటేసుకుంటూ పోతారు. ఐర్లాండ్ తర్వాత ఫ్రాన్స్ వస్తుందని ఎదురుచూస్తే స్విట్జర్లాండ్ రావచ్చు.

గూటిపిట్ట:
ఇక్కడ భాష సంగతి చెప్పాలి. పోటీకి ఇంగ్లీషు, ఫ్రెంచి రెండూ అధికార భాషలు. వ్యాఖ్యాత మాతృభాష స్వీడిష్. ఫ్రెంచి అంకెల్ని ఫోన్లో వినడం గురించి ఒక సంగతి గమనించండి. ఆరుని విడిగా పలికితే ‘సీస్’, పదిని ‘దీస్’. కానీ వెనక ‘ప్వాఁ’ (పాయింట్లు) అనే మాట తగలగానే చివరి సకారం రాలిపోతుంది. ‘సీ ప్వాఁ’, ‘దీ ప్వాఁ’. మొదటి హల్లు ఒక్కటే తేడా. గరగరలాడే లైన్లో ఆరుకీ పదికీ మధ్య నాలుగు పాయింట్ల తేడా ఆ ఒక్క హల్లు మీద నిలబడి ఉంటుంది. ఏడు ‘సెట్’. రాతలో ఉన్న పకారం పలకరు. ఇంగ్లీషులోనూ ఫ్రెంచిలోనూ స్వీడిష్‌లోనూ ఆరు, ఏడు రెండూ రాతలో ఒకే అక్షరంతో మొదలవుతాయి. మూడు భాషల్లో ఆరు మాటలు, అన్నిటికీ మొదటి అక్షరం ఒకటే. ఆవిడ నాలుక ఏడు దగ్గరే తడబడటంలో నాకైతే వింతేమీ కనిపించదు.

దేశాల పేర్లు ఇంకో చిక్కు. స్వీడన్, స్విట్జర్లాండ్ ఇంగ్లీషులో పక్కపక్కన వినిపిస్తాయి. ఫ్రెంచిలో ‘స్యుఎద్’, ‘స్విస్’. స్వీడిష్‌లో ‘స్వేరియె’, ‘ష్వైట్స్’. నెదర్లాండ్స్‌ని ఫ్రెంచివాళ్లు ‘పేయిబా’ అంటారు, జర్మనీని ‘అల్మాఞ్’ అంటారు, స్వీడిష్‌వాళ్లు ‘టిస్క్‌లాండ్’ అంటారు. పది అంకెలు మూడు భాషల్లో 30 మాటలు. 19 దేశాలు మూడు భాషల్లో 57. మొత్తం 87 మాటలు నాలుక చివర ఉండాలి, ఏ వరసలో పడతాయో తెలియకుండా.

నిక్కచ్చి:
సానుభూతి అర్థమైంది. కానీ పెద్ద వేదిక ఎక్కేవాళ్లు సాధన చేసి రావాలి కదండీ. కేటీ బాయిల్ 1960, 1963, 1968, 1974 నాలుగుసార్లు ఇదే పని తొణక్కుండా చేశారు. చేతిలో అంకెల చీటీ ఉంటే సరిపోయేది.

లెక్కల_పలక:
నిక్కచ్చి గారూ, పోలిక కుదరదు. ఉదాహరణకి 1974లో ఒక్కో జ్యూరీ దగ్గర ఉన్నవి పదే ఓట్లు. ఒక పాటకి మూడు ఓట్లు పడితే మిగిలేవి ఏడే. ఎక్కువగా వినిపించేవి ఒకటి, రెండు, మూడు. 1975లో ప్రతి జ్యూరీ నుంచి పది వేర్వేరు అంకెలు తప్పనిసరి. కేటీ బాయిల్ గొప్ప వ్యాఖ్యాత, అందులో సందేహం లేదు. కానీ ఆవిడ చేసింది వేరే పని. పైగా ఫాల్క్ చూసి నేర్చుకోవడానికి పాత టేపు ఒక్కటి కూడా లేదు, ఆ పద్ధతిలో అంతకుముందు పోటీయే జరగలేదు కాబట్టి.

తెరవెనుక:
చీటీ సంగతి నేను చెప్తాను. చీటీ సాయం చేస్తుంది, కొత్త చిక్కూ తెస్తుంది. లైవ్‌లో కెమెరా మీద ఎర్ర దీపం వెలిగి ఉండగా తల దించితే ప్రేక్షకుడికి నెత్తి కనిపిస్తుంది. 30 గళ్ల పట్టికలో కావలసిన గడి వెతికేలోపు అవతల జ్యూరీ ప్రతినిధి తర్వాతి దేశానికి వెళ్లిపోతాడు. అప్పుడు ఒకటి కాదు, రెండు ప్రకటనలు పోతాయి. ఆగమని అడగాలి, ఆగితే లయ తెగుతుంది, తెగిన లయ మళ్లీ కుదురుకోవడానికి ఇంకో రెండు ప్రకటనలు పడుతుంది.

సమయం కూడా లెక్కేయండి. ఒక్కో ప్రకటన విని తిరిగి చెప్పడానికి ఆరు సెకన్లు అనుకుంటే 190కి 1140 సెకన్లు, అంటే 19 నిమిషాలు. ఒక్కో జ్యూరీకి పలకరింపు, లైన్ కలవడం, వీడ్కోలు కలిపి 15 సెకన్లు వేసుకుంటే ఇంకో ఐదు నిమిషాలకు దగ్గర. ఒక్కో ప్రకటనలో రెండు సెకన్లు జారినా మొత్తం మీద ఆరు నిమిషాలకు పైనే సాగుతుంది. నిర్మాతగా పనిచేసిన మనిషికి ఈ గడియారం ఒంట్లోనే తిరుగుతూ ఉంటుంది. మాట తట్టకపోతే మౌనంగా నిలబడటం కన్నా పైకి అడిగేసి ముందుకు వెళ్లడం నా ఉద్దేశంలో సరైన నిర్ణయం. లైవ్‌లో మౌనం కంటే ప్రశ్న నయం. చూసేవాడికి ఏం జరుగుతోందో తెలుస్తుంది, అవతలి లైను తెగలేదని కంట్రోల్ రూముకీ తెలుస్తుంది.

నిక్కచ్చి:
అంకెలు గెంతుతూ వచ్చేవన్న సంగతి నాకు తెలియదు. తర్వాత వచ్చిన పద్ధతి కళ్ల ముందు పెట్టుకుని మాట్లాడాను. నా మాట వెనక్కి తీసుకుంటున్నాను. మరి తప్పు వినిపిస్తే పట్టుకునే దారి ఏముండేది?

లెక్కల_పలక:
మంచి ప్రశ్న. ఈ పద్ధతిలో తప్పు పట్టే సాధనం అంకెల్లోనే ఉంది. ఒక జ్యూరీ నుంచి ఏ అంకైనా ఒక్కసారే రావాలి. ఆరు రెండుసార్లు వినిపించి పది అసలు రాకపోతే, ఆ ‘సీ’, ‘దీ’ దగ్గర చెవి తప్పిందన్నమాట. పదీ అయ్యాక మొత్తం 58 రావాలి, దేశాలు పదే ఉండాలి. ఈ పర్యవేక్షణకి యూరోపియన్ బ్రాడ్‌కాస్టింగ్ యూనియన్ తరఫున క్లిఫర్డ్ బ్రౌన్ ఉన్నాడు. తేడా వస్తే ఆపి సరిచేయించే అధికారం ఆయనది.

చివరి పట్టిక కూడా అలాగే సరిచూడొచ్చు. నెదర్లాండ్స్ 152, బ్రిటన్ 138, ఇటలీ 115, ఫ్రాన్స్ 91, లక్సెంబర్గ్ 84, స్విట్జర్లాండ్ 77, ఫిన్లాండ్ 74, స్వీడన్ 72, ఐర్లాండ్ 68, స్పెయిన్ 53, ఇజ్రాయెల్ 40, మాల్టా 32, యుగోస్లావియా 22, మొనాకో 22, బెల్జియం 17, పోర్చుగల్ 16, జర్మనీ 15, నార్వే 11, టర్కీ 3. కూడండి, సరిగ్గా 1102. అన్ని తడబాట్ల తర్వాత కూడా ఒక్క పాయింటు ఎటూ పోలేదు. ఆ రాత్రి గురించి నేను గుర్తుపెట్టుకునే అంకె ఏడు కాదు, ఇది.

మంజీర_తీరం:
కాగితం మీద కూడి చూశాను, 1102 వచ్చింది! గెలిచిన నెదర్లాండ్స్ బృందం టీచ్-ఇన్ కదా. మొదట పాడిన పాట గెలవడం అరుదు అంటారు?

పాటలపెట్టె:
అవును, పాటల వరసలో మొదటి స్థానం నుంచి గెలవడం అదే తొలిసారి. మరుసటి ఏడాది బ్రిటన్, 1984లో స్వీడన్ కూడా మొదట పాడి గెలిచాయి. 152 అంటే దొరకగల గరిష్ఠంలో 70 శాతం. గరిష్ఠం ఎలాగంటే, సొంత జ్యూరీ పోను 18 × 12 = 216.

బాల్టిక్_గాలి:
ఆ ఏడాది ఫాల్క్ పని ఈ ఒక్క రాత్రితో లేదు. ఫిబ్రవరి 15న యెతెబొరిలో (మనం గోథెన్‌బర్గ్ అంటాం) జరిగిన స్వీడిష్ జాతీయ ఎంపిక, మెలొడిఫెస్టివాలెన్‌కి కూడా ఆవిడే వ్యాఖ్యాత. అక్కడ పది పాటల్లో గెలిచినవాడు లస్సె బెర్యహాగెన్. అక్కడి నుంచి స్టాక్‌హోమ్ రాత్రికి సరిగ్గా ఐదు వారాలు. జాతీయ ఎంపిక స్వీడిష్‌లో, సొంత ప్రేక్షకుల ముందు. రెండోది 19 దేశాల ముందు, పరాయి భాషల్లో.

యూరోవిజన్ మీద అప్పటికే స్వీడన్‌లో గట్టి గొడవ నడుస్తోందని కూడా గుర్తుంచుకోవాలి. అబ్బా గెలిచింది కాబట్టి ఆతిథ్యం వచ్చిపడింది, ఖర్చు ప్రసార సంస్థ మీద పడింది. ప్రజల డబ్బుతో వాణిజ్య సంగీతాన్ని మోయడమేంటని వామపక్ష సంగీత ఉద్యమం ఎదురుతిరిగి, స్టాక్‌హోమ్‌లోనే ప్రత్యామ్నాయ ఉత్సవం పెట్టింది. 1976లో స్వీడన్ పోటీకే రాలేదు, 1977లో తిరిగొచ్చింది. ఖర్చును పాల్గొనే సంస్థలన్నీ పంచుకునే ఏర్పాటు ఆ తర్వాతే వచ్చింది. ఇంటా బయటా ఇంత వేడి మధ్య వేదిక మీద నిలబడిన మనిషి ఒక్కరే.

గూటిపిట్ట:
పేర్లు రాసేవాళ్లకి ఒక మనవి. 1975 కార్యక్రమానికి ‘ఎస్‌వీటీ’ (తర్వాతి స్వీడిష్ టీవీ సంస్థ) అని రాయకండి. అప్పటికి రేడియో, టీవీ రెండూ స్వేరియెస్ రాడియో అనే ఒకే ప్రసార సంస్థ కిందే ఉన్నాయి. 1979 పునర్వ్యవస్థీకరణ తర్వాతే టీవీ విడి సంస్థ అయింది. ఎల్వ్‌షో అని మనం రాస్తున్నది కూడా దగ్గరి ఉచ్చారణే. చివరి హల్లు గొంతు దగ్గర గాలి ఊదినట్టు వస్తుంది, తెలుగు అక్షరం లేదు.

తెరవెనుక:
ఆవిడ నిర్మాతగా, దర్శకురాలిగా చేసిన పనులు వెతకాలనుకునేవాళ్లకి దారి చెప్తాను. స్వీడన్ జాతీయ గ్రంథాలయం నడిపే ‘స్వెన్స్క్ మీడియెదాతబాస్’లో పేరుతో వెతకండి. ఇంటిపేరు చివర సి, కె రెండూ వేయాలి. ఒక్క కె వేస్తే వేరే మనుషులు వస్తారు. ఫలితాల్లో హోదా పక్కన మూడు మాటలు చూడండి. ‘ప్రొడ్యూసెంట్’ అంటే కార్యక్రమ బాధ్యురాలు. ‘రెజీ’ అంటే దర్శకత్వం. ‘బిల్డ్‌ప్రొడ్యూసెంట్’ అంటే కంట్రోల్ రూములో కూర్చుని ఏ కెమెరా బొమ్మ ఎప్పుడు వెళ్లాలో నిర్ణయించే మనిషి. ఇది మన పరిభాషలో ‘నిర్మాత’ కాదు. చాలామంది ఈ మూడూ కలిపి నిర్మాత అని తెలుగు చేసేస్తున్నారు, అప్పుడు ఎవరి పని ఎవరిదో పోతుంది. కార్యక్రమం పేరు దొరికాక ప్రసార తేదీ రాసి పెట్టుకోండి. ఒకే పేరుతో వేర్వేరు ఏళ్లలో వచ్చినవి ఉంటాయి, తేదీ లేకుండా అడిగితే పని జరగదు.

మంజీర_తీరం:
చిన్న సందేహం. ఊళ్లో జరిగే పాటల పోటీకి ఈ 12 పాయింట్ల పద్ధతి పనికొస్తుందా?

లెక్కల_పలక:
పాటలు కనీసం 14, 15 ఉంటేనే. పదే పాటలుంటే ప్రతి పాటకీ ఏదో ఒక అంకె వచ్చేస్తుంది, అట్టడుగు పాటకి కూడా. ఆరేడు పాటల పోటీకి 5, 3, 2, 1 చాలు. జ్యూరీ సభ్యులతో మాత్రం 1975లో లాగే చేయించండి: పాట అయిన వెంటనే 1 నుంచి 5 లోపు మార్కు రాయించి కాగితం తీసేసుకోవాలి. చివరిదాకా కాగితం వాళ్ల దగ్గరే ఉంచితే మొదటి పాటల మార్కులు దిద్దేస్తారు. ప్రకటించేటప్పుడు చిన్న అంకె నుంచి పెద్ద అంకెకి వెళ్లండి. మైకు పట్టుకున్నవాళ్లకి ఒక్క పేరే కొత్తగా ఉంటుంది.